అడవి పరదా

నయాపూల్ మీద బాబూమియా కిటికీ నడుచుకుంటూ పోతోంది.

మొదట ఆయన నమ్మలేదు. అరవై దాటిన కళ్ళు, పైగా ఎండ ముఖం మీదికే కొడుతోంది. కానీ తన చేత్తో వేసిన కిటికీని ఎవడైనా మర్చిపోతాడా? చెమటకు కాస్త అలుక్కుపోయిన నీలి చెక్క రెక్కలు, అందులో ఒకటి కొంచెం వాలి ఉంటుంది. దాని కింద పూలకుండీ, అదీ సగమే. ఆ సగం దగ్గర చొక్కా అయిపోయింది. చొక్కా తొడుక్కున్నవాడు హమాలీ. నెత్తిన బియ్యం బస్తా, వీపున బాబూమియా కిటికీ.

పట్టుకుని అడగాలనే ఆయన వంతెన దాటేదాకా వాడి వెనకే నడిచాడు. అది నా వీధి పరదారా, మూసీ ఒడ్డున ఎండకు వేస్తే పోయింది, నాటకాలకు కిరాయికిచ్చి బతికేవాణ్ణి అని చెప్పాలని నాలుగు మాటలు కూడబలుక్కున్నాడు కూడా. అవతలి ఒడ్డున హమాలీ బస్తా దించాడు. చొక్కా విప్పి, దులిపి, మడతపెట్టి ఒళ్ళో పెట్టుకున్నాక గాని గోడకు ఆనుకోలేదు. ఆనుకుంటే చొక్కా అరుగుతుందని వాడి భయం. ఆ మడతపెట్టడం చూశాక బాబూమియా వట్టి చేతులతో వెనక్కి తిరిగాడు.

వెనకటి దొంగలు నాటకాలవాళ్ళ దగ్గర కిరీటాలు, గిల్టు నగలు ఎత్తుకుపోయేవాళ్ళు. ఇప్పుడు పరదాలు ఎత్తుకుపోతున్నారు. బొమ్మ మీద మోజుతో కాదు, గుడ్డ కోసం. లడాయి మొదలైనప్పటి నుంచి మిల్లుల గుడ్డంతా పల్టన్లకే పోతోంది. మిగిలిన పీలికలు కంట్రోలు దుకాణంలో కార్డు మీద ఇస్తారు. ఇస్తారంటే, ఇచ్చిన రోజున.

పురానాపూల్ దగ్గర తన గల్లీలోకి వచ్చేసరికి ఇంటి ముందు సైకిలొకటి నిలబడి ఉంది, దానికి కట్టిన గొడుగు. సర్కారు సైకిలు ఆగిన ఇంటికి మంచి జరగదని ఆ గల్లీలో కుక్కలకు కూడా తెలుసు. ఒక్కటీ మొరగడం లేదు.

లోపల నడవ పొడుగునా అడవి పరదా వేలాడుతోంది. ఆయనకు మిగిలింది అదొక్కటే. దర్బారు పరదాను చెదలు తిన్నాయి, వీధి పరదా హమాలీ వీపెక్కింది. ఆదివారం మొగులయ్య మండలి సీతారాముల నాటకం ఆడుతుంది కనుక, మడతలు పోవాలని ముందే విప్పి కట్టాడు. దాని ముందు మొగులయ్య, సాయిలు చేతులు కట్టుకుని నిలబడ్డారు. మొగులయ్యకు పాల వ్యాపారం ఉంది, దాన్ని మించిన నాటకాల పిచ్చి ఉంది. సాయిలు ఆయన బర్రెలు పిండుతాడు, మండలిలో సీత వేషం కడతాడు.

కంట్రోలు ఇన్‌స్పెక్టరు షఫీఉద్దీన్ చిన్నవాడే. జారిపోయే కళ్ళద్దాలను వేలితో ఎగదోసుకుంటూ పరదాను ఈ చివర నుంచి ఆ చివరకు చూస్తున్నాడు.

"ఇది ఎంత గుడ్డ మియా?"

"ఐదు పన్నాలు కలిపి కుట్టిన సాబ్. ఒక్కో పన్నా ఒక చీరంత ఉంటది," అన్నాడు బాబూమియా. అబద్ధం ఆలోచించుకోవడానికి వ్యవధి కావాలి. ఆయనకెప్పుడూ ఆ వ్యవధి దొరకదు.

మొగులయ్య ఆయన కాలు తొక్కాడు. "చీర గీర ఏంది భాయ్? సాబ్, ఇది అడవి. అడవిని గజాలల్ల కొలుస్తరా ఎవలన్న?"

ఇన్‌స్పెక్టరు నవ్వాపుకున్నాడు. "కోరా గుడ్డ ఇంట్ల ఎక్కువ దాచుకుంటే జప్తు చెయ్యాలె. అది హుకుం. బొమ్మ గీసిన తస్వీరైతే నాకు దాంతోని పని లేదు. మరి దీన్ని గుడ్డ అనాల్నా, తస్వీరు అనాల్నా?"

ఇన్నేళ్ళలో ఆ ప్రశ్న ఎవరికీ అవసరపడలేదు.

"నవాబుల దేవిడీలల్ల నూనె రంగుల తస్వీర్లుంటయి," అన్నాడు షఫీఉద్దీన్, తనలో తనే తర్కించుకుంటున్నట్టు. "వాటి మీద నీళ్ళు పోసినా ఏం కాదు. అవి తస్వీర్లే. గని తడి గుడ్డతోని రుద్దితే రంగు పోయిందనుకో, కింద మిగిలేది గుడ్డనే గదా? సరే. ఇయ్యాల యాళ్ళయింది. జుమేరాత్ నాడు వస్త. అప్పుడు తడిపి చూస్త."

గుమ్మం దాకా వెళ్ళి ఆగాడు. "చిన్నప్పుడు మా అమ్మీ కొంగు పట్టుకుని ఈ అడవి చూసిన. కింద మూలకు ఒక జింక ఉండాలె."

"ఉన్నది సాబ్."

జింకను చూశాడు, తల ఊపాడు, సైకిలెక్కి వెళ్ళిపోయాడు.

సాయిలు లబోదిబోమన్నాడు. "అయిపాయె! బేస్తవారం నాడు పట్కపోతడు." తలుపు చాటునుంచి షౌకత్ బీ, బాబూమియా భార్య, జొన్నల్లో రాళ్ళేరుతూనే అంది: "ఆ పిల్లగాడు కానూన్ చెప్పలేదురా సాయిలూ, ఉపాయం చెప్పిండు."

ఉపాయం మొగులయ్యకు అప్పటికే తట్టింది. పరదా రంగులు సుద్దతో, తోళ్ళు కాచి తీసే సరేసు బంకతో కలిపేవి. నీళ్ళు తగిలితే కరిగిపోతాయి. వానలో నాటకం ఆడకూడదనేది అందుకే. అదే పరదా మీద గుగ్గిలం వేసి కాచిన అవిసె నూనె ఒక పూత పూస్తే రంగులు రాయిలా బిగుస్తాయి. మూసీ మొత్తం కుమ్మరించినా చెదరవు. గుడ్డ మాత్రం బిరుసెక్కి, ఇంక దేనికీ పనికిరాదు.

"నూనె నేను తెస్త," అన్నాడు మొగులయ్య. "కార్వాన్ గానుగ నాకు ఎరుకే. పూత నీ వంతు భాయ్."

అతని ఆత్రానికి కారణముంది. నాటకం ఆడనిచ్చే ఇజాజత్ కోసం ఠాణాకూ దఫ్తరుకూ తిరిగి అతని చెప్పులు అరిగాయి. రేపో మాపో వస్తుందన్న ప్రతిసారీ సాయిలు మీసం తీసేవాడు. రాలేదని తేలేసరికి అది మళ్ళీ మొలిచేది. చివరికి వచ్చింది, షరతుల తోక తగిలించుకుని. రాజకీయం మాటలుండకూడదు. గ్యాసునూనె కరువు గనుక దీపాలుండకూడదు, పొద్దుగూకేలోపు ముగించాలి. రాముడు మిట్టమధ్యాహ్నం ఎండలో అరణ్యవాసం చెయ్యాలన్నమాట. దానికీ తలూపి వచ్చాడు.

పరదా లేకుండా ఆడే మాట ఆ మండలిలో ఎవరికీ రాదు. వాళ్ళకొక ఆనవాయితీ ఉంది. మొదటి హారతి దేవుడి పటానికి కాదు, పరదాకు. హారతయ్యాక బాబూమియా "బిస్మిల్లా" అని తాడు వదలాలి, చుట్టిన అడవి జరజరా కిందికి దిగాలి. ఒక ఏడు ఆయన జ్వరంతో పడుకుంటే ఇంకెవడో తాడు వదిలాడట. ఆ పూట రావణుడి తలకాయలు ఊడి ముందు వరసలో కూర్చున్నవాళ్ళ ఒళ్ళో పడ్డాయి. తలకాయలు సరిగ్గా కట్టుకోలేదని రావణుడు చెప్పినా ఎవరూ వినలేదు.

"సీత చీర తయారేనారా?" అని మొగులయ్య వెళ్తూ వెళ్తూ సాయిలును అడిగాడు.

"నా పెండ్లాం ఒంటి మీదున్నది అన్నా. నాటకం నాడు అడిగి తీసుకుంట."

"మరి ఆమె?"

"ఆ పూట ఇంట్ల కూసుంటది," అన్నాడు సాయిలు. అని, నేలచూపులు చూశాడు. "పెండ్లయినకాంచి నా సీత వేషం అది ఒక్కసారన్న సూడలే."

*

మర్నాడు పొద్దున్నే బాబూమియా చిన్న ముంతలో కొంచెం నూనె కాచాడు. గుగ్గిలం కరిగి ఘాటుగా వాసన లేచింది. పరదా కింద మూలకు చతికిలబడి, ముందు జింక మీద పూత పట్టాడు. కుంచె తగిలిన చోటల్లా రంగు తడిసిన ఆకులా మెరిసింది. జింక కంట్లోకి ప్రాణం వచ్చినట్టయింది. ఇన్నేళ్ళూ నూనె ఎందుకు పట్టలేదా అనిపించింది ఆయనకు. సంబరంగా షౌకత్ బీని పిలిచి చూపించాడు. ఆమె చూసింది, "బాగున్నది జీ," అంది, జొన్నల దగ్గరికి వెళ్ళిపోయింది.

మిగతా అడవికి ముంతెడు నూనె చాలదు. పెద్ద గంజులో కాయాలి. అంత గంజు పక్కింటి కొమురమ్మ దగ్గరే ఉంది, పెరుగు అమ్ముకునే మనిషి కనుక.

కొమురమ్మ ఇల్లు తలుచుకుంటే ఆయనకు ఆండాలు మీద చిరుకోపం. ఆండాలు కొమురమ్మ కోడలు. కొత్తగా కాపురానికొచ్చిన రోజుల్లో పరదా విప్పాడంటే చాలు, పరుగెత్తుకొచ్చేది. వాళ్ళ ఊరు అడవి పక్కన. "చాచా, మోదుగు పూసినప్పుడు ఆకులుండయ్. నువ్వు ఆకులెందుకు బెట్టినవ్?" అని నిలదీసేది. "ఆకులు లేకపోతే అడవి అని జనం నమ్మరు బేటీ," అనేవాడు. "జనం నమ్మకపోతే చెట్టుకేంది?" అని నవ్వేది. ఈ మధ్య రావడం మానేసింది. మొన్న పరదా విప్పితే తొంగి కూడా చూడలేదు. కాపురం ముదిరితే ఆడపిల్లలకు గీర వస్తుందని సరిపెట్టుకున్నాడు.

తలుపు ఓరగా వేసి ఉంది.

"కొమురమ్మా! పెద్ద గంజు ఉంటే ఇయ్యవా?"

"అత్త పెరుగు అమ్మెతందుకు పోయింది చాచా," అని లోపలి నుంచి ఆండాలు గొంతు.

"అయితే నువ్వియ్యి బేటీ. పరదాకు నూనె కాయాలె."

ఆయన తలుపు మీద చెయ్యి వేశాడు.

"లోపటికి రాకు చాచా!"

ఆ కేకకు ఆయన చెయ్యి కాలినట్టు వెనక్కి తీసుకున్నాడు. "రాను బేటీ, రాను. గడప మీద పెట్టు, తీసుకపోత."

కాసేపటికి గంజు నేల మీద బరబరా రాసుకుంటూ తలుపు సందులోంచి బయటికి వచ్చింది. వెనక ఒక చెయ్యి. ఆ చేతి పైన, భుజం మీద గోనెసంచి. మెడ దగ్గర పురికొసతో ముడేసిన గోనె, దాని మీద వడ్ల మిల్లు ముద్ర ఇంకా పోలేదు. గోనె రాపిడికి భుజం కింద చర్మం ఎర్రగా కమిలి ఉంది. బాబూమియా తల తిప్పేసుకున్నాడు. అప్పటికే చూసేశాడు.

చెయ్యి లోపలికి పోయింది. గొంతు మామూలుగా, ఎప్పటి ఆండాలులాగే అంది: "నువ్వు మళ్ళ మోసుకరాకు చాచా, నడుం పట్టుకుంటది. మాపటికి అత్త వచ్చినంక చీర నేను కట్టుకుని నీళ్ళకొస్త గదా, అప్పుడు నేనే తీస్కపోత."

ఆయన గంజు ఎత్తుకుని ఇంటికి వచ్చాడు. నూనె పోయలేదు. పొయ్యి రాజెయ్యలేదు. షౌకత్ బీ ముందు కూర్చున్నాడు.

"నీకు తెలుసా?"

ఏమిటని ఆమె అడగలేదు. "గల్లీల ఆడోళ్ళందరికీ తెలుసు. అత్తకూ కోడలుకూ నడుమ ఒక్కటే చీర. పొద్దుగాల ఆమె, మాపటికి ఈమె. ఆండాలు ఒక్కతే అనుకుంటున్నవా? సాయిలు పెండ్లాం ఏం కట్టుకుంటదో విన్నవ్ గదా."

"నాకెందుకు చెప్పలే?"

"చెప్తే ఏం చేస్తుంటివి? నీకు చెట్లే కనిపిస్తయి జీ." విసురుగా అనలేదు. జొన్నల్లో ఒక రాయి తీసి పక్కన పెట్టినట్టు అంది. "మా చెల్లె కొడుకు షాదీకి నేను మోకాళ్ళ నొప్పులన్న. నువ్వు పసర మందు తెచ్చి రాసినవ్. నా మోకాళ్ళకు ఏం కాలే. నా ఓఢ్నీకి అయింది, అంతా చిరుగులే."

బాబూమియా ఆమె మోకాళ్ళ వంక చూశాడు. ఆ పసరు తనే నూరాడు, వారం పాటు రాశాడు. ఆమె కిక్కురుమనకుండా రాయించుకుంది. నవ్వాలో ఏడవాలో తెలియలేదు ఆయనకు.

లేచి పరదా ముందు నిలబడ్డాడు. పైన ఆకాశం, దాని కింద ఆకుల గుబురు, నడుమ మాన్లూ మోదుగులూ, కింద గడ్డి, అట్టడుగున వాగు, జింక. ఇది పోతే ఇంకోటి వేస్తాననడానికి లేదు. గుడ్డ దొరకదు, సీమరంగులు రావు, చెయ్యి వణుకుతోంది. లోకంలో తను చేసింది మిగలాలంటే ఇదే మిగలాలి. పూత ఒక్క పూట పని. పట్టాక ఎవరూ తనను తప్పు పట్టరు. ఇన్‌స్పెక్టరు సంతోషిస్తాడు, మండలి సంతోషిస్తుంది. పక్కింటి తలుపు ఓరగా వేసే ఉంటుంది.

పొద్దు వాలాక ఆండాలు చీర కట్టుకుని గంజు కోసం వచ్చింది. మాసికలు పడ్డ ఎర్ర చీర, ఇంకా అత్త ఒంటి వేడి ఆరనిది. నడవలోకి రాగానే పరదా వైపు నడిచి, ఎన్నాళ్ళకో చుట్టాన్ని చూసినట్టు మోదుగు ముందు నిలబడిపోయింది.

"ఇంకా ఆకులు తియ్యలేదు నువ్వు," అంది.

"తీస్త బేటీ," అన్నాడు బాబూమియా.

*

జుమేరాత్ నాడు మొగులయ్య కొత్త పెళ్ళికొడుకులా వచ్చాడు. నడవలో గుగ్గిలం వాసన ఇంకా ఉంది. ఆ వాసన చాలు, పని అయిందనుకున్నాడు. షఫీఉద్దీన్ కూడా గుమ్మంలోనే గట్టిగా వాసన పీల్చాడు, ముఖం తేటపడింది. నేరుగా మూలకు పోయి, కూర్చుని, తడి రుమాలుతో జింకను రుద్దాడు. రుమాలు తెల్లగానే ఉంది.

"మాషా అల్లా. తస్వీరే," అంటూ జేబులోంచి కలం తీశాడు.

"సాబ్," అన్నాడు బాబూమియా. "ఒక్క మూల చూసి మొత్తం అడవి పేరు రాస్తరా?"

బొటనవేలు నాలుకకు అద్దుకుని, పరదా నడిమధ్యన ఒక ఆకు మీద రుద్దాడు. ఆకు పోయింది. దాని కింద ముతక నేత బయటపడింది. పచ్చగా మారిన వేలును ఇన్‌స్పెక్టరు ముందు పెట్టాడు.

షఫీఉద్దీన్ కలాన్ని మళ్ళీ జేబులో పెట్టుకున్నాడు. తర్వాత ఎవరికీ వినపడకూడదన్నంత మెల్లగా అన్నాడు: "మియా, మీకు మూడు దినాలు ఇచ్చిన గదా?"

"ఇచ్చిండ్రు సాబ్. సరిపోయినయి."

మొగులయ్యకు అప్పుడు అర్థమైంది. "భాయ్! పిస లేసిందా నీకు? నూనె పట్టుకొచ్చి ఇచ్చిన గదా! ఆదివారం ఏం ముఖం పెట్టుకుని ఆడాలె? ఇజాజత్ కోసం నేను మొక్కని కాళ్ళు లేవు ఈ ఊర్ల!" బాబూమియా కారణం చెబితే ఆండాలు గోనె సంగతి చెప్పాలి. అది ఆ పిల్ల పరువు, తనది కాదు.

"గోదాముకు పంపకండ్రి సాబ్," అని మాత్రం ఇన్‌స్పెక్టరుతో అన్నాడు. "ఈ గల్లీ కార్డుల మీదనే పంచనియ్యండ్రి."

షఫీఉద్దీన్ కళ్ళద్దాలు ఎగదోసుకున్నాడు. "గోదాముల ఎలుకలకు కార్డు అక్కర్లేదు. ఇక్కడనే పంచుకోండ్రి. దుకాణపాయనకు నేను చెప్త." జింక ఉన్న మూలను వేలితో గీత గీసి చూపించాడు. "ఇది మాత్రం తస్వీరే. దీన్ని నేను ముట్టను."

మొగులయ్య ఎవరి వంకా చూడకుండా వెళ్ళిపోయాడు.

*

కుట్లు విప్పడం షౌకత్ బీ చేసింది. దారం తెగకుండా లాగి ఉండ చుట్టింది, అదీ పనికొస్తుందని. జింక మూలను కత్తిరించి పక్కన పెట్టింది. జుమ్మా నమాజు అయ్యాక బాబూమియా పన్నాలు భుజాన వేసుకుని పాత వంతెన కింద మూసీలోకి దిగాడు. చాకలికి వేస్తే ఉతికి ఇచ్చేవాడు. వేయబుద్ధి కాలేదు. వేసిన చెయ్యే తీయాలి.

ముందు ఆకాశం తడిపాడు. తర్వాత ఆకులు. సరేసు నానగానే పచ్చ రంగు గుడ్డను వదిలి, నీళ్ళలో పొగలా విప్పుకుని, వంతెన కమానుల కిందికి పోయింది. ఒక్కో ఆకు ఏ ఏడు, ఏ నాటకానికి దిద్దాడో చేతికి గుర్తుంది. మాన్ల మొదళ్ళు కరిగాయి. మోదుగు ఆకులు పోయాయి. పూలు మాత్రం ఎంత రుద్దినా కదల్లేదు. సీమరంగులు రావడం ఆగిపోయాక ఆ పూలను చీరలకు రంగులద్దే రంగ్రేజు దగ్గర తెచ్చిన రంగుతో దిద్దాడు. చీరల రంగు గుడ్డను పట్టుకుంటే వదలదు. ఆ సంగతి మర్చేపోయాడు. నీళ్ళలో నిలబడి, వాటిని చూస్తూ, పసివాడిలా ఏడ్చాడు. సిగ్గుపడలేదు. ఒడ్డున ఎవరూ లేరనుకున్నాడు.

తడిసిన పన్నాను పిండటం ఒక్కడి వల్ల కాదు. ఒక కొస మెలిపెడితే రెండో కొస జారుతోంది. మూడోసారి జారినప్పుడు ఎవరో దాన్ని పట్టుకున్నారు. మొగులయ్య. మోకాలు పైకి ధోవతి చెక్కి నీళ్ళలో నిలబడి ఉన్నాడు.

"నువ్వు అటు తిప్పు, నేను ఇటు తిప్పుత," అన్నాడు. అంతే. ఇద్దరూ మెలిపెట్టారు. పచ్చనీళ్ళు ధారగా కారాయి. రెండో పన్నా అందుకుంటూ మొగులయ్య, నీళ్ళకేసి చూస్తూ అన్నాడు: "ఇంటికి పోయి నా పెండ్లాం ముందర నిన్ను మస్తు తిట్టిన. అది మొత్తం ఇన్నది. ఇని, లోపటికి పోయి దాని చీర ఇప్పి నా ముఖాన కొట్టింది. మాసికలే ఉన్నయి భాయ్ దాంట్ల. చీర ఏడుందో నాకు దొరకలే."

బాబూమియా కొస ఇంకొంచెం గట్టిగా తిప్పాడు.

పంచేటప్పుడు మగవాళ్ళెవరూ నడవలో ఉండకూడదని షౌకత్ బీ హుకుం. ఆ హుకుం ముందు సర్కారు హుకుం ఏపాటిది? ఆకాశం, ఆకులు, మోదుగులు, గడ్డి నాలుగు చీరలయ్యాయి. జింక పోగా మిగిలిన వాగును పసిపిల్లలకని కత్తిరించారు. అవసరం గల్లీ నిండా ఉంది, చీరలు నాలుగే. లోపల ఎంత లొల్లి అయిందో, ఎవరు అడిగారో, ఎవరు వదులుకున్నారో బయట అరుగు మీద కూర్చున్న బాబూమియాకు తెలియలేదు. అందరూ వెళ్ళాక షౌకత్ బీ వచ్చి పక్కన కూర్చుంది. ఆమె చేతిలో కుట్లు విప్పిన దారం ఉండ ఒక్కటే ఉంది. దాంతో ఓఢ్నీ చిరుగు కుట్టుకోవడం మొదలుపెట్టింది.

*

ఆదివారం మధ్యాహ్నం మొగులయ్య బర్రెల దొడ్డిలో నాటకం. బర్రెలను మూసీ ఒడ్డుకు తోలారు, పేడ ఎత్తారు, గోడకు కొట్టిన పిడకలు మాత్రం ఎండలేదని వదిలేశారు. దండకారణ్యం స్థానంలో పిడకల గోడ. దాని నడుమ మేకుకు తగిలించిన జింక ముక్క, ఎండకు తళతళా మెరుస్తోంది.

మొగులయ్య హారతి వెలిగించి అలవాటుగా పరదా వైపు తిరిగాడు. పరదా లేదు. ఒక్క క్షణం తడబడి జింకకు చూపించాడు. పళ్ళెం దించి బాబూమియా వంక చూశాడు.

"కానియ్యి భాయ్."

"ఏం కానియ్యాలె? తాడే లేదు."

"తాడు లేకపాయె, మాట ఉన్నది గదా?"

బాబూమియా లేచి నిలబడ్డాడు. వట్టి చేతులను ఏం చెయ్యాలో తెలియక వెనక్కి కట్టుకున్నాడు. "బిస్మిల్లా," అన్నాడు. ఏదీ కిందికి దిగలేదు. నాటకం మొదలైంది.

సాయిలు సీతగా బయటికి వచ్చేసరికి జనం ఈలలు వేశారు. మీసం తీసిన చోట తెల్లగా ఉన్నా నడక మాత్రం నాజూగ్గా ఉంది. ఎండకు పౌడరు కరిగి కారుతోంది. కట్టుకున్నది భార్య పాత చీరే. రాముడి వెంట నాలుగడుగులు వేసి, వన వర్ణన దగ్గర ఆగాలి. ఆగాడు. అప్పుడే దొడ్డి తడిక తోసుకుని ఆలస్యంగా కొందరు ఆడవాళ్ళు వచ్చి, వెనక గోడ వారగా కూర్చున్నారు. వాళ్ళలో తన భార్యను చూసి సాయిలు మాట మర్చిపోయాడు. ఎగిరేసిన కనుబొమలు అట్లాగే ఉండిపోయాయి. రాముడు మోచేత్తో పొడిచాడు.

"చూడండి నాథా," అన్నాడు సాయిలు గబగబా, "ఈ అడవి ఎంత అందంగా ఉన్నదో! ఆ మోదుగులు ఎంత విరగబూసినవో!"

అభ్యాసం ప్రకారం చెయ్యి వెనక్కి చాపాడు. వెనక పిడకలు. ముందు వరసలో ఎవడో కిసుక్కున నవ్వాడు. ఇంకొకడు అందుకోబోయాడు. సాయిలు చెయ్యి గాలిలో ఆగిపోయింది. తర్వాత మెల్లగా, ఎవరూ నేర్పకుండానే, ఆ చెయ్యి చుట్టూ తిరిగి జనం మీదుగా వెనక గోడ వైపు చాచుకుంది.

జనం తలలు తిప్పి చూశారు.

వెనక గోడ కింద నాలుగు చీరలు. పైనుండాల్సిన ఆకాశం నేల మీద చతికిలబడి చంటివాణ్ణి ఒళ్ళో వేసుకుంది. ఆకులు దాని పక్కన, పెసరపొట్టు కడిగిన నీళ్ళంత లేత పచ్చన. గడ్డి సాయిలు భార్య కట్టుకుంది, కట్టుకుని రెప్ప వెయ్యకుండా సీతను చూస్తోంది. చివర ఆండాలు, మసక తెలుపు చీర మీద అక్కడక్కడా నారింజ ఎరుపు మోదుగులు. ఆమె పక్కనే కొమురమ్మ, పాత ఎర్ర చీరలో. అత్తాకోడళ్ళు కలిసి ఒక చోటికి వచ్చి ఎన్నాళ్ళయిందో.

నవ్వినవాడు మళ్ళీ నవ్వలేదు. రాముడు కూడా అటే చూస్తూ, "అవును సీతా, ఎంత చక్కని వనం," అన్నాడు. ఆ మాట అతని పాఠంలో లేదు.

అందరూ తన వైపే చూస్తుంటే ఆండాలు కొంగుతో ముఖం కప్పుకుంది. కొంగు మీదా పూలే. ఒక్క నిమిషమే. తర్వాత కొంగు దించి, బాబూమియా ఎక్కడున్నాడో వెతికి, నాటకం నడుస్తోందన్న జ్ఞాపకం కూడా లేకుండా గట్టిగా అరిచింది.

"చాచా! ఆకులు పోయినయి, పూలే మిగిలినయి! ఇప్పుడు సక్కగున్నది చెట్టు!"

"అవును బేటీ," అన్నాడు బాబూమియా. కళ్ళు తుడుచుకోవడానికి భుజం మీద చేత్తో వెతుక్కున్నాడు. గుడ్డ ఏదీ దొరకలేదు. అరచేత్తోనే తుడుచుకున్నాడు.